వ్లదీమిర్: దాసి కొడుకు పేరు వెయ్యేళ్లు నిలిచిన తీరు

పిల్లల పేర్ల పుస్తకాల్లోనూ ఇంటర్నెట్‌లో దొరికే పేర్ల జాబితాల్లోనూ వ్లదీమిర్ అనే పేరు పక్కన దాదాపు అన్నిచోట్లా ఒకటే అర్థం కనిపిస్తుంది: 'లోకాన్ని ఏలేవాడు'. కొన్నిచోట్ల 'శాంతితో ఏలేవాడు' అని రాస్తారు. రెండూ వినసొంపుగానే ఉంటాయి. కానీ భాషా చరిత్ర తవ్వేవాళ్లలో ఎక్కువమంది లెక్క ప్రకారం ఈ పేరు పుట్టినప్పుడు అందులో లోకమూ లేదు, శాంతీ లేదు. ఆ రెండూ తర్వాత వచ్చి చేరాయి. ఎలా చేరాయో చూస్తే, రష్యా, ఉక్రెయిన్, పోలండ్, బల్గేరియా వైపు స్లావ్ జాతులు మగపిల్లాడికి పెట్టే ఒక పేరు వెనక ఎంత చరిత్ర పోగుపడి ఉంటుందో తెలుస్తుంది. ఇవాళ యుద్ధంలో తలపడుతున్న రెండు దేశాల అధ్యక్షులిద్దరిదీ ఈ పేరే కాబట్టి, ఆ చరిత్ర కాస్త నిదానంగా తెలుసుకోవాల్సిన విషయమే.

పాత తూర్పు స్లావ్ రాతల్లో ఈ పేరు 'వొలొదిమేర్' అని ఉంటుంది. మొదటి సగం గురించి ఎవరికీ పేచీ లేదు. 'వొలొద్' అంటే ఏలడం, అధికారం చలాయించడం. జర్మన్ భాషలోని 'వాల్టెన్' అనే క్రియ దీనికి దూరపు చుట్టం. పేచీ అంతా రెండో సగంతోనే. 'మేర్' ముక్కలోని ఏకారాన్ని ఆ భాషలు రాసే పాత సిరిలిక్ లిపిలో 'యాత్' అనే వేరే అక్షరంతో రాసేవాళ్లు. శాంతి అనే అర్థం ఉన్న 'మిర్' అన్న మాటలో ఆ అక్షరం రాదు. పైగా జర్మన్‌కి చుట్టమైన పాత గోతిక్ భాషలో 'మేర్స్' అంటే గొప్ప, పేరుమోసిన అని అర్థం. పాత జర్మన్‌లోనూ దానికి సరితూగే మాట ఉంది. అందుకే ఎక్కువమంది పండితులు 'ఏలికగా పేరుమోసినవాడు', 'ఏలుబడిలో గొప్పవాడు' అన్న అర్థం వైపే మొగ్గుతారు. పోలండ్‌లో ఈ పేరును 'వ్వొజీమ్యెష్' అంటారు. చివరి ముక్కలో ఆ పాత ఎకారం ఈనాటికీ వినిపిస్తుంది.

మరి లోకం ఎక్కడి నుంచి వచ్చింది? అది రష్యన్ స్పెల్లింగ్ చేసిన పని. 1918 దాకా రష్యన్ లిపిలో 'ఇ' శబ్దానికి ఒకటికి మించి అక్షరాలు ఉండేవి. శాంతి అనే 'మిర్'ని ఒక అక్షరంతోనూ, లోకం అనే 'మిర్'ని ఇంకో అక్షరంతోనూ రాసేవాళ్లు. పలకడంలో తేడా లేదు, రాయడంలోనే. వ్లదీమిర్ అనే పేరును 19వ శతాబ్దంలో మామూలుగా లోకం 'మిర్'కి వాడే అక్షరంతోనే రాసేవాళ్లు. బడికెళ్లిన ప్రతి పిల్లాడికీ ఆ పేరులో 'ఏలు', 'లోకం' అనే రెండు మాటలు కళ్లకు కట్టినట్టు కనిపించేవి. 1918లో లిపిని సంస్కరించి ఆ అక్షరాన్ని తీసేశారు. అర్థం మాత్రం జనం నోట్లో ఉండిపోయింది.

శాంతి కథ ఇంకా పాతది. జర్మన్ నేలపై మెర్సెబుర్గ్ ఊరికి బిషప్‌గా ఉండి 1018లో చనిపోయిన థీట్మార్ తన చరిత్ర గ్రంథంలో కీవ్ పాలకుడైన వ్లదీమిర్ గురించి రాశాడు. క్రూరుడని, స్త్రీలోలుడని గట్టిగా తిట్టాడు. ఆ ఊపులోనే ఇంకో మాట అన్నాడు: ఈ రాజు పేరుకు 'శాంతి అధికారం' అని అర్థం చెబుతారు, అది న్యాయం కాదు, ఎందుకంటే దుర్మార్గులు తమలో తాము నిలుపుకునేది నిజమైన శాంతి కాదు అని. ఆయన వాదన మతానికి సంబంధించినది, భాషకు సంబంధించినది కాదు. అయినా మనకు ఇక్కడ గొప్ప ఆధారం దొరుకుతోంది. ఆ రాజు బతికి ఉన్న రోజులకే, లేదా చనిపోయిన రెండు మూడేళ్లకే, జనం ఆ పేరులో 'శాంతి'ని వింటున్నారన్నమాట. ఒక అర్థానికి వెయ్యేళ్ల వయసు ఉన్నప్పుడు దాన్ని ఉత్త తప్పు అని కొట్టిపారేయడం కూడా సరికాదు. పేరు పుట్టుక ఒకటి, జనం అందులో విన్నది ఇంకొకటి. రెండూ ఆ పేరు ఆస్తే.

నిజంగా 'అన్నిటినీ ఏలేవాడు' అని చెప్పే పేరు కావాలంటే స్లావ్ భాషల్లో అది వేరే ఉంది: వ్సేవొలొద్. 'వ్సే' అంటే అన్నీ, 'వొలొద్' అంటే ఏలడం. అదే ముక్క ఇక్కడ చివరికి వచ్చింది. పాత స్లావ్ పేర్లు కట్టే పద్ధతి ఇదే. కొన్ని ముక్కలు ఉండేవి: 'స్లావ్' అంటే కీర్తి, 'పోల్క్' అంటే సేన, 'స్వ్యతొ' అంటే పవిత్రం లేదా బలం, 'యారొ' అంటే చురుకు, ఉగ్రం. వీటిలో రెండేసి జతచేసి పేరు కట్టేవాళ్లు. యారొస్లావ్, యారొపోల్క్, స్వ్యతొస్లావ్, స్వ్యతొపోల్క్ అలా వచ్చినవే. జత కుదిరాక వచ్చే పేరుకు ప్రతిసారీ వాక్యంలా పొందికైన అర్థం ఉండాలని ఎవరూ అనుకోలేదు. రెండు శుభమైన ముక్కలు, రెండూ వంశంలో ఎవరికో ఉన్నవి అయితే చాలు.

ఈ రెండు ముక్కల నిండు పేర్లు కీవ్ రాజ్యంలో ఎక్కువగా రాజవంశం సొత్తు. మామూలు మనుషుల పేర్లు ఎలా ఉండేవో తెలియాలంటే నొవ్‌గొరొద్ ఊళ్లో మట్టి కింద దొరికిన భూర్జ పత్రాలు చూడాలి. 1951 నుంచి అక్కడ తవ్వకాల్లో బర్చ్ చెట్టు బెరడు మీద గీసిన ఉత్తరాలు వందల కొద్దీ బయటపడ్డాయి. అప్పులు, పెళ్లిళ్లు, సరుకులు, తగాదాలు, అన్నీ వాటిలో ఉన్నాయి. తొలి రోజుల్లోనే దొరికిన 9వ నంబరు పత్రం 'గోస్త్యాత నుంచి వసీలికి' అని మొదలవుతుంది. అది 12వ శతాబ్దపు ఉత్తరం. తండ్రి ఇచ్చినది, బంధువులు ఇచ్చినది మరో మనిషి దగ్గరే ఉండిపోయిందని, అతను ఇంకొకరిని పెళ్లి చేసుకుని తనకేమీ ఇవ్వడం లేదని అందులో మొర. ఉత్తరం తలకట్టులోనే రెండు కాలాలు పక్కపక్కన ఉన్నాయి. గోస్త్యాత అనేది 'అతిథి' అనే ముక్కతో కట్టిన అచ్చ స్లావ్ పేరు, అదీ కుదించినది. వసీలి గ్రీకు నుంచి చర్చి ద్వారా వచ్చిన పేరు. వ్లదీమిర్ కథలోనూ సరిగ్గా ఈ రెండో పేరే అడ్డం వస్తుంది.

కీవ్‌ని ఏలిన వంశం మొదట్లో స్లావ్ పేర్లు పెట్టుకున్నది కాదు. రూరిక్, ఒలేగ్, ఈగొర్, ఓల్గ, ఇవన్నీ ఉత్తరాన స్కాండినేవియా నుంచి వచ్చిన పేర్లు. ఒలేగ్ అక్కడి హెల్గి, ఓల్గ అక్కడి హెల్గ, ఈగొర్ అక్కడి ఇంగ్వార్. ఈ ఏలికల్లో స్లావ్ పేరు మోసిన మొదటివాడు ఈగొర్, ఓల్గల కొడుకు స్వ్యతొస్లావ్. అతని కొడుకులు ముగ్గురు: యారొపోల్క్, ఒలేగ్, వ్లదీమిర్. మూడోవాడి తల్లి మలూష. ఓల్గ కోటలో తాళాలు చూసుకునే దాసి. కొడుక్కి తండ్రి పెట్టిన పేరు మాత్రం ఏలడం అనే మాటతో మొదలవుతుంది. స్వ్యతొస్లావ్ తన రాజ్యం పంచేటప్పుడు పెద్ద కొడుకుకి కీవ్ ఇచ్చాడు, ఇంకొకడికి ద్రెవ్ల్యాన్ తెగ నేల ఇచ్చాడు. నొవ్‌గొరొద్ జనం తమకూ ఒక రాజు కావాలని వచ్చినప్పుడు, మేనమామ దోబ్రీన్య సలహాతో వాళ్లు వ్లదీమిర్‌ని అడిగి తీసుకెళ్లారని పాత వృత్తాంతం చెబుతుంది.

తల్లి ఎవరన్నది జనం మర్చిపోలేదు. వ్లదీమిర్ పెళ్లి కబురు పంపినప్పుడు పోలొత్స్క్ రాజు కూతురు రొగ్నేద ఒప్పుకోలేదు. ఆ రోజుల్లో పెళ్లికూతురు మొగుడి కాలి జోళ్లు విప్పడం ఆచారం. 'దాసి కొడుకు జోళ్లు నేను విప్పను, నాకు యారొపోల్క్ కావాలి' అని ఆమె తెగేసి చెప్పింది. ఆ మాటకు వ్లదీమిర్ చేసిన ప్రతీకారం ఘోరమైనది: ఊరు పట్టుకున్నాడు, ఆమె తండ్రినీ అన్నదమ్ములనూ చంపాడు, ఆమెను బలవంతంగా పెళ్లాడాడు. ఆ తర్వాత అన్న యారొపోల్క్‌ని కూడా చంపించి కీవ్ గద్దె ఎక్కాడు. తర్వాతి కాలం పటాల్లో, చర్చి గోడల మీద బంగారు కాంతి మధ్య కనిపించే మహానుభావుడి మొదటి అధ్యాయం ఇది. పేరు వారసత్వం గురించి మాట్లాడేటప్పుడు దీన్ని దాచిపెడితే మిగతా కథకు విలువ ఉండదు.

గద్దె ఎక్కిన కొత్తలో అతను పాత దేవుళ్లకే గుడి కట్టాడు. కోట బయట కొండమీద వెండి తల, బంగారు మీసాలు ఉన్న పెరూన్ విగ్రహం, పక్కన ఖోర్స్, దాజ్‌బోగ్, స్త్రిబోగ్, మోకోష్ వంటి దేవతలు. కొన్నేళ్లకే అంతా తిరగబడింది. 988 ప్రాంతంలో అతను నల్లసముద్రం ఒడ్డున ఉన్న గ్రీకు పట్నం ఖెర్సొనేస్‌ని పట్టుకుని, బైజాంటియం, అంటే తూర్పు రోమన్ సామ్రాజ్యం, చక్రవర్తి వసీలి చెల్లెలు అన్నాని పెళ్లాడి, క్రైస్తవం తీసుకున్నాడు. బాప్తిస్మంలో అతని పేరు వసీలి, బావమరిది చక్రవర్తి పేరే. పెరూన్ విగ్రహాన్ని గుర్రం తోకకు కట్టించి ఈడ్పించి నీపర్ నదిలో పారేయించాడు.

చర్చి లెక్కలో ఆ రోజు నుంచి అతను వసీలి. వ్లదీమిర్ అనే పేరు చర్చి పంచాంగంలో లేదు, ఉండే వీలూ లేదు. ఆ పంచాంగంలో ఉండాలంటే ఆ పేరుతో ఒక సాధువో అమరవీరుడో ఉండాలి. పాత దేవుళ్ల కాలపు పేరుకు అలాంటివాళ్లు ఎక్కడి నుంచి వస్తారు? అయినా అతను పాత పేరు వదల్లేదు. అతను వేయించిన బంగారు నాణేలు దొరికాయి, ఒక్కొక్కటి నాలుగు గ్రాముల పైచిలుకు బరువు. ఒక పక్క క్రీస్తు ముఖం. ఇంకో పక్క కిరీటం పెట్టుకుని చేతిలో శిలువ పట్టుకుని కూర్చున్న రాజు, భుజం పక్కన త్రిశూలంలాంటి వంశ ముద్ర. చుట్టూ రాత: కొన్నిటి మీద 'వ్లదీమిర్ గద్దె మీద', కొన్నిటి మీద 'వ్లదీమిర్, ఇది అతని బంగారం'. క్రీస్తును నాణెం మీదికి ఎక్కించిన మనిషి తన పేరు దగ్గర మాత్రం వసీలి అని రాయించలేదు. డబ్బు మీద, గద్దె మీద ఉండాల్సింది వంశం పేరే అన్న పట్టుదల ఆ రెండు మాటల్లో కనిపిస్తుంది.

ఈ రెండు పేర్ల పద్ధతి అతని తర్వాత కూడా చాలా తరాలు నడిచింది. ముని మనవడు వ్లదీమిర్ మొనొమాఖ్ 1053లో పుట్టాడు. ముసలితనంలో తన కొడుకుల కోసం ఒక హితబోధ రాశాడు. 1377లో ఎత్తి రాసిన ఒక పెద్ద వృత్తాంత ప్రతిలో అది మనకు మిగిలింది. దాని మొదట్లోనే తనను తాను పరిచయం చేసుకుంటాడు: తాత యారొస్లావ్ తనకు బాప్తిస్మంలో వసీలి అని, రూస్ (కీవ్ రాజ్యపు పాత పేరు) పేరుగా వ్లదీమిర్ అని పెట్టాడని, తల్లిదండ్రుల వైపు నుంచి మొనొమాఖ్ అయ్యానని. ఒకే మనిషికి మూడు పేర్లు, మూడు వైపుల నుంచి. దేవుడి ముందు వసీలి, జనం ముందు వ్లదీమిర్, బైజాంటియం రాజబంధువుల ముందు మొనొమాఖ్.

అతనికి ఆ పేరు రావడం వెనకా ఒక కట్టుబాటు ఉంది. ఆ వంశంలో బతికున్న తండ్రి పేరో తాత పేరో పిల్లాడికి పెట్టేవాళ్లు కాదు. చనిపోయినవాళ్ల పేరే మళ్లీ పెట్టేవాళ్లు. మొదటి వ్లదీమిర్ 1015లో చనిపోయాడు. యారొస్లావ్ కొడుకు ఇంకో వ్లదీమిర్ 1020లో పుట్టాడు. అతను 1052లో నొవ్‌గొరొద్‌లో చనిపోయాడు. మరుసటి ఏడు పుట్టిన అన్నదమ్ముడి కొడుకే మొనొమాఖ్. పేరు ఖాళీ అయిన వెంటనే ఇంకొకడికి అందింది. ఆ పేరుతోపాటు ఆ మనిషి హక్కు, అతని వంతు రాజ్యం మీద ఒక ఆశ కూడా అందేది. అర్థం కంటే ఈ అందించుకోవడమే ఆ కాలంలో పేరుకు అసలు బరువు.

అయితే ఇలా రాజుల ఇళ్లలో మాత్రమే తిరిగే పేర్లు రాజవంశాలతోపాటే పోవాలి. నిజంగానే చాలా పోయాయి. చర్చి పేర్లు గట్టిపడిన కొద్దీ పంచాంగంలో చోటు లేని స్లావ్ పేర్లు ఒక్కొక్కటే రాలిపోయాయి. మిగిలినవి ఎందుకు మిగిలాయంటే, ఆ పేర్లు మోసినవాళ్లలో కొందరు తామే సాధువులయ్యారు. మొదట వ్లదీమిర్ కొడుకులు బోరిస్, గ్లేబ్. తండ్రి చనిపోయాక జరిగిన గద్దె తగాదాలో 1015లో వాళ్లను చంపేశారు. ఎదురు తిరగకుండా చావును ఒప్పుకున్నారని జనం కొలిచారు, చర్చి సాధువులుగా చేర్చుకుంది. బాప్తిస్మంలో వాళ్ల పేర్లు రొమాన్, దవీద్. అయినా జనం బోరిస్, గ్లేబ్ అనే పిలిచారు, చివరికి చర్చి కూడా అదే ఒప్పుకుంది. తండ్రి వంతు ఆలస్యంగా వచ్చింది. దేశాన్ని క్రైస్తవంలోకి తెచ్చినవాడే అయినా, 13వ శతాబ్దానికి గానీ వ్లదీమిర్‌ని సాధువుగా కొలవడం స్థిరపడలేదు. అతను చనిపోయిన రోజు జూలై 15 అతని పండగ అయింది. పాత క్యాలెండర్ పాటించే చర్చిలకు అది ఇప్పుడు జూలై 28న వస్తుంది.

ఇక్కడ జరిగింది చాలా అరుదైన సంగతి. చర్చికి కొత్తదైన పేరును, చర్చిని తెచ్చిన మనిషే పంచాంగంలోకి మోసుకొచ్చాడు. ఆ తర్వాత పూజారి ఎవరూ 'ఈ పేరు మా జాబితాలో లేదు, వేరేది చెప్పండి' అనే వీలు లేకపోయింది.

కీవ్ వ్లదీమిర్ ఈ పేరున్న మొదటివాడు కాడు. అతనికి వందేళ్ల ముందు బల్గేరియాలో ఒక వ్లదీమిర్ ఉన్నాడు, 889 నుంచి 893 దాకా ఏలాడు. తండ్రి బోరిస్ బల్గేరియాను క్రైస్తవంలోకి తెచ్చి, గద్దె కొడుక్కి ఇచ్చి మఠంలో చేరాడు. కొడుకు పాత దేవుళ్లను వెనక్కి తేబోయాడు. తండ్రి మఠం వదిలి వచ్చి, కొడుకు కళ్లు తీయించి, గద్దె నుంచి దించాడు. ఒక వ్లదీమిర్ పాత మతం కోసం అన్నీ పోగొట్టుకుంటే, ఇంకో వ్లదీమిర్ కొత్త మతంతో సాధువయ్యాడు. మూడోవాడు ఇప్పటి మోంటెనెగ్రో ప్రాంతంలోని దుక్ల్య రాజు యొవాన్ వ్లదీమిర్. 1016లో ప్రెస్ప సరస్సు దగ్గర నమ్మించి చంపారు, చేతిలో శిలువతోనే. ఆ శిలువ అని చెప్పేదాన్ని బార్ పట్నం దగ్గర ఒక కుటుంబం తరతరాలుగా కాపాడుతోంది. ఏటా పెంతెకొస్తు పండగ రోజు దాన్ని మోసుకుంటూ రూమియ కొండ ఎక్కుతారు.

ఈ పేరు స్లావ్ నేల దాటి వెళ్లిన దారి ఇంకా ఆసక్తిగా ఉంటుంది. మొనొమాఖ్ కొడుకు మ్‌స్తిస్లావ్. అతని కూతురు ఇంగెబోర్గ్‌ని డెన్మార్క్ రాజకుమారుడు క్నూద్ లావార్డ్ పెళ్లాడాడు. 1131 జనవరి 7న క్నూద్‌ని దగ్గర బంధువే హత్య చేశాడు. వారానికి ఇంగెబోర్గ్‌కి కొడుకు పుట్టాడు. ఆ పిల్లాడికి తన తాత పేరు పెట్టుకుంది, డెన్మార్క్ నోటికి తగ్గట్టు వాల్డెమార్ అని. అతను పెరిగి డెన్మార్క్ రాజై, వాల్డెమార్ ది గ్రేట్ అనిపించుకున్నాడు. అతని కొడుకు రెండో వాల్డెమార్ 1219లో ఎస్తోనియా మీద చేసిన యుద్ధంలో ఆకాశం నుంచి డెన్మార్క్ జెండా రాలిపడిందని ఆ దేశంలో కథ చెప్పుకుంటారు. పుట్టకముందే తండ్రిని పోగొట్టుకున్న పిల్లాడికి తల్లి తన పుట్టింటి పేరు ఇవ్వడం వల్ల, కీవ్ పేరు ఒకటి స్కాండినేవియా రాజుల పేరైపోయింది. రూరిక్ వంశం ఒకప్పుడు ఉత్తరం నుంచి పేర్లు తెచ్చుకుంది కదా, ఇది తిరుగు ప్రయాణం.

తూర్పు స్లావ్ రూపం 'వొలొదిమేర్' అయితే, 'వ్లదీమిర్' ఎక్కడిది? దక్షిణ స్లావ్ భాషల్లో, అంటే బల్గేరియా వైపు, 'వొలొద్' లాంటి ముక్కలు కుదించుకుపోయి 'వ్లాద్' అవుతాయి. తూర్పున 'గొరొద్' అంటే పట్నం, దక్షిణాన 'గ్రాద్'. తూర్పున 'జోలొతొ' అంటే బంగారం, దక్షిణాన 'జ్లాతొ'. చర్చి పుస్తకాలు దక్షిణం నుంచి వచ్చాయి కాబట్టి, రష్యాలో గంభీరంగా వినిపించాల్సిన మాటలన్నీ ఆ పొట్టి రూపంలో స్థిరపడ్డాయి. నొవ్‌గొరొద్ అనే పాత ఊరి పేరులో ఇంటి మాట ఉంది, లెనిన్‌గ్రాద్ అనే గొప్ప కోసం పెట్టిన పేరులో చర్చి భాష ఉంది. మనకు లక్ష్మి, లచ్చి ఉన్నట్టు, కృష్ణుడు, కిష్టయ్య ఉన్నట్టు, రష్యాలో వ్లదీమిర్ గ్రంథాల రూపం, వొలొద్య ఇంటి రూపం. కాగితం మీద వ్లదీమిర్ అని రాసిన అమ్మే, అన్నానికి పిలిచేటప్పుడు వొలొద్య అంటుంది. వెయ్యేళ్ల కిందటి తూర్పు స్లావ్ పలుకు ముద్దుపేరులో బతికే ఉందని ఆమె అనుకోకపోవచ్చు, కానీ ఉంది. ఉక్రెయిన్‌లో అసలు పేరులోనే ఆ పాత పలుకు నిలిచింది: వొలొదిమిర్.

పిలిచే తీరులో ఇంకా మెట్లున్నాయి. వొలొద్య అంటే ఇంట్లో వాళ్లు, స్నేహితులు. వోవ అంటే ఇంకా చిన్నపిల్లాడిగా, దగ్గరగా. వోవొచ్క అంటే బుజ్జి వోవ. రష్యన్ జోకుల్లో టీచర్‌ని ముప్పుతిప్పలు పెట్టే స్కూలు పిల్లాడి పేరు ఎప్పుడూ ఇదే. గౌరవంగా పిలవాలంటే పేరు వెనక తండ్రి పేరు తగిలించాలి: వ్లదీమిర్ ఇవానొవిచ్. మన 'గారు' చేసే పనిని అక్కడ తండ్రి పేరు చేస్తుంది. తండ్రీ కొడుకూ ఇద్దరూ వ్లదీమిర్ అయితే వ్లదీమిర్ వ్లదీమిరొవిచ్ అవుతాడు; కవి మయకోవ్‌స్కీ, రచయిత నబోకొవ్, ఇప్పటి రష్యా అధ్యక్షుడు పుతిన్, ముగ్గురూ అలాంటివాళ్లే. బయటివాళ్లు వ్లదీమిర్‌ని 'వ్లాద్' అని కుదించేస్తారు గానీ, రష్యాలో వ్లాద్ అంటే మామూలుగా వ్లదిస్లావ్ అనే వేరే పేరు గుర్తొస్తుంది.

మాస్కోలోని ప్రగతి ప్రచురణాలయం, తర్వాత రాదుగ అచ్చేసిన తెలుగు పుస్తకాలు విశాలాంధ్ర షాపుల్లో కొనుక్కుని చదివిన తరానికి ఈ తికమక బాగా తెలుసు. ఒక పేజీలో వ్లదీమిర్, రెండో పేజీలో వొలొద్య, మూడో పేజీలో తండ్రి పేరుతో కలిపి ఇంకోటి. ముగ్గురు మనుషులనుకుని చదివితే చివరికి ఒకడే. ఉప్పల లక్ష్మణరావు, రాచమల్లు రామచంద్రారెడ్డి వంటివాళ్లు మాస్కోలో ఉండి అనువాదాలు చేసిన రోజులవి. ఆ పేర్లను ఇంగ్లీషు మీదుగా కాక రష్యన్ పలుకుకు దగ్గరగా తెలుగులో రాసే అలవాటు అప్పుడు వచ్చిందే. 'వ్లదీమిర్' అని దీర్ఘం 'దీ' మీద పెట్టడం సరైనది, రష్యన్‌లో ఊనిక పడేది అక్కడే. ఇప్పుడు పత్రికల్లో కనిపించే 'వ్లాదిమిర్' సెర్బియావాళ్ల ఊనికకు దగ్గర.

రష్యాలో ఈ పేరు నేరుగా జనంలోకి దిగలేదు. పంచాంగంలో చోటున్నా చాలా శతాబ్దాలు రైతుల ఇళ్లలో ఇది అరుదు. అక్కడ ఇవాన్, వసీలి, ప్యోతర్‌లదే రాజ్యం. ఆ రైతులే మాత్రం చలికాలం రాత్రుళ్లు వీరగాథలు పాడుకునేవాళ్లు, ఆ గాథల్లో కీవ్ రాజు ఎప్పుడూ 'వ్లదీమిర్, అందాల పొద్దు'. 1860లలో ఉత్తరాన ఒనేగ సరస్సు చుట్టుపక్కల ఊళ్లలో ఈ పాటలు సేకరించినప్పుడు, కీవ్‌కి అంత దూరాన, ఎనిమిది వందల ఏళ్ల తర్వాత కూడా ఆ రాజు విందులు ఆగలేదు. గాథల్లో అతను యుద్ధం చెయ్యడు. పెద్ద బల్ల ముందు కూర్చుని ఉంటాడు, యుద్ధాలు ఇల్యా మూరొమెత్స్, దోబ్రీన్య, అల్యోష అనే వీరులు చేస్తారు. రాజు అప్పుడప్పుడు పిరికివాడు, కృతఘ్నుడు కూడా. సాధువు ఒకడు, పాటలోని రాజు ఇంకొకడు.

పై వర్గాల్లో పేరు మళ్లీ వెలిగింది 18వ శతాబ్దం చివర. 1782లో కేథరిన్ రాణి సాధువు వ్లదీమిర్ పేరిట ఒక రాజ పతకం పెట్టింది. 1834లో కీవ్‌లో అతని పేరుతో విశ్వవిద్యాలయం వచ్చింది. అధికారులు, చదువుకున్న కుటుంబాలు కొడుకులకు ఈ పేరు పెట్టుకోసాగాయి. 1870లో సింబీర్స్క్ ఊళ్లో స్కూళ్ల ఇన్‌స్పెక్టర్ ఉల్యానొవ్ ఇంట్లో పుట్టిన వొలొద్య అలాంటి కుటుంబం పిల్లాడే. అతనే లెనిన్. ఆ తర్వాత సోవియట్ కాలంలో ఈ పేరు ఇంటింటికీ చేరింది. సాధువు పండగ చేయని ఇళ్లలో కూడా లెనిన్ కోసం పెట్టుకున్నారు. అంతటితో ఆగక పేరును విరిచి కొత్త పేర్లు కట్టారు: వ్లదీమిర్, లెనిన్ కలిపి వ్లద్లేన్, వి. ఐ. లెనిన్ నుంచి విలేన్. ఆడపిల్లలకు లెనిన్‌ని తిరగేసి నినేల్. రెండు ముక్కలు జతచేసి పేరు కట్టే ఆ పాత స్లావ్ పద్ధతి ఇంకో రూపంలో తిరిగొచ్చినట్టే.

తెలుగు నేల మీద కమ్యూనిస్టు కుటుంబాలు కూడా పిల్లలకు లెనిన్, స్టాలిన్ అని పెట్టుకున్నాయి. గమనించదగ్గ సంగతి ఏమిటంటే, మనవాళ్లు తీసుకున్నది ఉద్యమంలో పెట్టుకున్న మారుపేరును. తల్లిదండ్రులు పెట్టిన వ్లదీమిర్‌ని మాత్రం తీసుకున్నవాళ్లు తక్కువ. మనకు ఆ మనిషి ముఖ్యం, వ్లదీమిర్ వెనక ఉన్న సాధువు, రాజు, పాటలు మన జ్ఞాపకంలో లేవు. అక్కడ మాత్రం లెనిన్ అభిమానంతో పెట్టినా ఆ పేరుతోపాటు పదో శతాబ్దం కూడా ఇంట్లోకి వచ్చేది.

ఇప్పుడు తగాదా ఆ పదో శతాబ్దం ఎవరిదన్న దాని మీదే. కీవ్‌లో నీపర్ ఒడ్డు కొండ మీద శిలువ పట్టుకున్న వ్లదీమిర్ విగ్రహం 1853 నుంచి ఉంది. మాస్కోలో క్రెమ్లిన్ పక్కన అంతకంటే పెద్ద విగ్రహాన్ని 2016 నవంబరు 4న ఆవిష్కరించారు. అతను తన జీవితంలో మాస్కో అనే ఊరు చూసి ఉండడు, ఆ ఊరి పేరు రాతల్లో మొదట కనిపించేది 1147లో. ఉక్రెయిన్ తన రాజ్యచిహ్నంగా 1992లో తీసుకున్న త్రిశూలం అతని నాణేల మీది వంశ ముద్రే. ఆ దేశపు డబ్బు హ్రీవ్న్య; ఒక హ్రీవ్న్య నాణెం మీద అతని బొమ్మ ఉంది, అదే విలువ కాగితం నోటు మీదా ఉండేది. రష్యావాళ్లు అతన్ని వ్లదీమిర్ అని, ఉక్రెయిన్‌వాళ్లు వొలొదిమిర్ అని రాస్తారు, ఒకే మనిషిని. 2022 తర్వాత తెలుగు పత్రికల్లో కూడా పుతిన్ ముందు ఒక రూపం, జెలెన్‌స్కీ ముందు ఇంకో రూపం పక్కపక్కన అచ్చవుతున్నాయి. అది తప్పు కాదు, సరైన పద్ధతే. ఎవరి పేరు వాళ్ల భాషలో ఎలా ఉందో అలా రాయడం కనీస మర్యాద.

ఊళ్ల మీద కూడా ఇదే తగాదా. పేరులో ఏ మార్పూ లేకుండా వ్లదీమిర్ అనే పట్నం మాస్కోకి తూర్పున క్ల్యాజ్మ నది మీద ఉంది. ఇంకోటి పశ్చిమ ఉక్రెయిన్‌లోని వొలీన్ ప్రాంతంలో ఉంది. ఈ రెండో ఊరి పేరును లాటిన్‌వాళ్లు 'లొదొమేరియ' అని మలుచుకున్నారు. 1772లో ఆస్ట్రియా చక్రవర్తులు పోలండ్ నుంచి కొంత నేల లాక్కున్నప్పుడు దానికి 'గలీషియా, లొదొమేరియ రాజ్యం' అని పేరు పెట్టారు, ఆ ఊరు తమ చేతికి రాకపోయినా. రష్యా ఏలుబడిలోకి వచ్చాక ఇంకో వ్లదీమిర్ నుంచి వేరుగా తెలియాలని ఈ ఊరికి తోక తగిలించి వ్లదీమిర్-వొలీన్‌స్కీ అన్నారు. 2021 డిసెంబరులో ఉక్రెయిన్ పార్లమెంటు ఆ తోక తీసేసింది. ఇప్పుడు మ్యాపులో దాని పేరు ఒట్టి వొలొదిమిర్.